కేసు కొట్టేశారు, ఉద్యోగం తిరిగి రాలేదు: డిస్మిసల్‌ను సవాలు చేయడం ఎలా?

"కోర్టులో కేసు కొట్టేశారు కదా, మళ్లీ డ్యూటీలోకి ఎప్పుడు తీసుకుంటారు?" ఇదే ప్రశ్న పదే పదే వస్తోంది. తీర్పు కాపీ పట్టుకుని ఆఫీసుకు వెళ్తారు, సెక్షన్ వాళ్లు తీసుకుని "పైకి రాస్తాం" అంటారు. ఏడాది గడిచాక "విచారణలో అభియోగం రుజువైంది, క్రిమినల్ కేసుతో సంబంధం లేదు" అని రెండు వాక్యాల మెమో చేతికొస్తుంది.

క్రిమినల్ కోర్టు తీర్పుతో డిస్మిసల్ దానంతట అది రద్దు కాదు. ఆ ఉత్తర్వు దేని మీద నిలబడిందో కనిపెట్టి, నిర్దోషి తీర్పు వచ్చాక ఆ ఆధారం మిగల్లేదని చూపించాలి. పనంతా ఇక్కడే ఉంది. ఇక్కడ చెప్పేది ప్రధానంగా ఆంధ్రప్రదేశ్, తెలంగాణ ప్రభుత్వ ఉద్యోగుల కోసం. కేంద్ర ప్రభుత్వ ఉద్యోగులకు తేడా ఉన్నచోట విడిగా చెప్పాం.

ముందు ఇవి దగ్గర పెట్టుకోండి

- డిస్మిసల్ లేదా రిమూవల్ ఉత్తర్వు, అది మీకు అందిన తేదీకి రుజువు
- చార్జిమెమో (శాఖ మీ మీద అభియోగాలు మోపుతూ ఇచ్చిన పత్రం), దాని నాలుగు అనుబంధాలు: అభియోగాలు, వాటి వివరణ, దస్తావేజుల జాబితా, సాక్షుల జాబితా
- మీరిచ్చిన వివరణ, శాఖాపరమైన విచారణలో సాక్షులు చెప్పినదంతా, విచారణ నివేదిక, దానిపై మీ జవాబు
- అప్పీలు వేసి ఉంటే ఆ కాపీ, దానిపై వచ్చిన ఉత్తర్వు
- ఎఫ్‌ఐఆర్, చార్జిషీటు, కోర్టులో సాక్షుల వాంగ్మూలాలు, తీర్పు సర్టిఫైడ్ కాపీ
- సర్వీసు రిజిస్టరు నకలు, చివరి జీతం స్లిప్పు

శాఖ దగ్గరున్నవి మీ దగ్గర లేకపోతే సమాచార హక్కు కింద 10 రూపాయల ఫీజుతో దరఖాస్తు పెట్టండి. 30 రోజుల్లో జవాబివ్వాలి. "నా ఫైలు మొత్తం" అని రాస్తే తిప్పి పంపే అవకాశం ఎక్కువ. "ఫలానా నంబరు, ఫలానా తేదీ ఉత్తర్వుకు సంబంధించిన విచారణ నివేదిక, సాక్షుల వాంగ్మూలాలు, నోట్‌ఫైలు" అని విడివిడిగా అడగండి. ఏసీబీ కేసైతే విజిలెన్స్ కమిషన్ సలహా కాపీ కూడా అడగండి.

1. తీర్పుతో పాటు వాంగ్మూలాలకు కూడా కాపీ అప్లికేషన్ పెట్టండి

చాలామంది తీర్పు ఒక్కటే తీసుకుంటారు. రేపు మీ వాదనను నిలబెట్టేది సాక్షి కోర్టులో అన్న మాట. తీర్పు చివర అనుబంధంలో ప్రాసిక్యూషన్ సాక్షులు, డిఫెన్స్ సాక్షులు, ఎగ్జిబిట్లు వరుసగా ఉంటాయి. అది చూసుకుని, మీ చార్జిమెమోలోనూ పేరున్న ప్రతి సాక్షి వాంగ్మూలానికి, ముఖ్యంగా క్రాస్ ఎగ్జామినేషన్ భాగానికి, దరఖాస్తు పెట్టండి. రెండు సెట్లు తీసుకోండి. రికార్డు రూముకు వెళ్లిపోయాక వెతికించడం కష్టం, కాబట్టి తీర్పు వచ్చిన వారంలోనే ఈ పని ముగించండి.

2. మీ డిస్మిసల్ ఏ రకం? ఉత్తర్వులోని రూలు నంబరు చూడండి

*మొదటి రకం: శిక్ష పడినందుకే తీసేశారు.* రాజ్యాంగం 311(2) రెండో ప్రొవిజో (ఎ) ప్రకారం, క్రిమినల్ కేసులో శిక్షకు దారితీసిన ప్రవర్తన మీద విచారణ లేకుండానే తీసేయవచ్చు. రాష్ట్ర సీసీఏ రూల్స్ (ఉద్యోగుల క్రమశిక్షణ నియమాలు), 1991లో ఇది 25వ రూలు, కేంద్ర రూల్స్‌లో 19(1). మీరు పై కోర్టులో నిర్దోషిగా బయటపడితే ఈ ఉత్తర్వుకు ఆధారం పోతుంది. అప్పీలులో శిక్ష రద్దయితే ఉత్తర్వును సవరించి తిరిగి తీసుకోవచ్చని నాగూర్ మీరా కేసులో (1995) సుప్రీంకోర్టు కూడా చెప్పింది. దారి తేలికే. కానీ శాఖ అవే విషయాల మీద కొత్తగా విచారణ మొదలుపెట్టవచ్చు, దానికి సిద్ధంగా ఉండండి.

*రెండో రకం: విచారణ జరిపి తీసేశారు.* ఉత్తర్వులో 20వ రూలు (కేంద్రంలో 14), విచారణాధికారి నివేదిక ప్రస్తావన ఉంటే ఇదే. కష్టమంతా ఇక్కడే. కోర్టులో నేరం సందేహానికి తావు లేకుండా రుజువు కావాలి, శాఖాపరమైన విచారణలో జరిగి ఉండే అవకాశమే ఎక్కువని తేలితే చాలు. అందుకే "కోర్టే వదిలేసింది" అన్న ఒక్క మాట ఇక్కడ నిలబడదు.

ఒక హెచ్చరిక. అప్పీలు కోర్టు శిక్షను సస్పెండ్ చేసి బెయిలిచ్చిన ఉత్తర్వును పట్టుకుని ఉద్యోగం అడగకండి. అందులో శిక్ష అమలు మాత్రమే ఆగింది, దోషి అన్న నిర్ణయం అలాగే ఉంది. ఇంకొకటి: శిక్ష మీద అప్పీలు నడుస్తుండగా ఉద్యోగి చనిపోతే, 30 రోజుల్లో కుటుంబసభ్యులు అప్పీలు కొనసాగించడానికి కోర్టు అనుమతి అడగవచ్చు. పెన్షన్ దాని మీదే ఆధారపడి ఉంటుంది. దుఃఖంలో ఆ గడువు దాటిపోనివ్వకండి.

3. మీరు ఏ కారణంతో విడుదలయ్యారు?

తీర్పు చివరి పేరా ఒక్కటే చదివి ఆగకండి. "పాయింట్ ఫర్ కన్సిడరేషన్" తర్వాతి చర్చంతా చదవండి. ప్రాసిక్యూషన్ సాక్ష్యం మొత్తం తూచి, అభియోగం ఏమాత్రం రుజువు కాలేదని కోర్టు తేల్చి ఉంటే అది గౌరవప్రదమైన విడుదల. సాముతిరం కేసులో (2013) సుప్రీంకోర్టు ఇచ్చిన వివరణ ఇదే. ఆ కేసులో సాక్షులు ఎదురు తిరగడం వల్ల విడుదలైన పోలీసు ఉద్యోగికి ఉద్యోగం తిరిగి రాలేదు.

బలహీనమైనవి ఇవి:
- ముఖ్య సాక్షి హోస్టైల్ అయ్యాడు (కోర్టులో మాట మార్చాడు)
- రాజీ కుదిరింది. మన రాష్ట్రాల్లో పాత ఐపీసీ 498ఎ కేసు (భార్యను వేధించారన్నది) కూడా కోర్టు అనుమతితో రాజీ చేసుకునే వీలుండేది. రాజీతో వచ్చిన విడుదలకు చట్టంలో విలువ ఉన్నా, సాక్ష్యాన్ని తూచి ఇచ్చింది కాదు
- ప్రాసిక్యూషన్ అనుమతిలో లోపం, దర్యాప్తు అధికారికి అధికారం లేకపోవడం వంటి సాంకేతిక కారణం

తీర్పులో "బెనిఫిట్ ఆఫ్ డౌట్" (అనుమానం ఉంది కాబట్టి వదిలేస్తున్నాం) అని ఉందని నిరాశపడకండి. ఆ మాటలు మంత్రాలు కావనీ, తీర్పు సారం చూడాలనీ రామ్‌లాల్ కేసులో (2023 డిసెంబరు) సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది. రాజస్థాన్ కానిస్టేబుల్ ఒకరు మార్కుల పత్రంలో పుట్టినతేదీ దిద్దాడన్న అభియోగం అది. అవే సాక్ష్యాల మీద అప్పీలు కోర్టు అభియోగాన్ని తోసిపుచ్చింది. సుప్రీంకోర్టు ఆ తీర్పును మొత్తంగా చదివి, డిస్మిసల్ రద్దు చేసి, సర్వీసు కొనసాగింపుతో పాటు సగం బకాయి జీతం ఇప్పించింది. మీ తీర్పులో కూడా "బెనిఫిట్ ఆఫ్ డౌట్" అన్న వాక్యానికి ముందు పది పేరాల్లో ఏముందో వెతకండి. "ఈ దస్తావేజును నమ్మలేం", "ఈ సాక్షి అక్కడ లేనేలేడు" వంటి నిర్ధారణ ఒక్కటి దొరికినా దాని పేరా నంబరు రాసుకోండి.

4. పోలిక పట్టిక తయారు చేయండి

అన్నిటికంటే ఎక్కువ సమయం దీని మీద పెట్టండి. వకీలు దగ్గరికి ఈ పట్టికతో వెళ్తే సగం పని అయినట్టే. పెద్ద కాగితం మీద ఐదు నిలువు వరుసలు గీయండి: (1) చార్జిమెమో అభియోగం; (2) కోర్టు ఫ్రేమ్ చేసిన చార్జి; (3) శాఖ సాక్షి, అతను కోర్టులో ఎన్నో సాక్షి; (4) శాఖ దస్తావేజు, కోర్టులో దాని ఎగ్జిబిట్ నంబరు; (5) కోర్టు నిర్ధారణ, పేరా నంబరు.

ఉదాహరణకు ఒక ట్రాప్ కేసు (లంచం తీసుకుంటుండగా వల పన్ని పట్టుకున్నది) అనుకోండి. జూనియర్ అసిస్టెంటు పాస్‌బుక్ కోసం 5,000 రూపాయలు అడిగి తీసుకున్నాడన్నది అభియోగం. చార్జిమెమోలో ఒకే ఆర్టికల్, సాక్షులు నలుగురు: ఫిర్యాదుదారు, ఇద్దరు మధ్యవర్తులు, డీఎస్పీ. కోర్టులోనూ ఆ నలుగురే. చేతులు కడిగిన ద్రావణం గులాబీ రంగుకు మారిందన్న పంచనామా రెండు చోట్లా ఒకటే. డబ్బు టేబులు సొరుగులో దొరికిందనీ, ఉద్యోగి అప్పుడు సీట్లో లేడనీ మధ్యవర్తి క్రాస్‌లో ఒప్పుకున్నాడు. ఫిర్యాదుదారు ఫైలు అప్పటికే వేరే సెక్షన్‌కు వెళ్లిపోయిందని రిజిస్టరు చెబుతోంది. కోర్టు ఈ రెంటినీ నమ్మి, డిమాండూ లేదు, స్వీకరించడమూ లేదు అని తేల్చింది. ఈ పట్టికలో ఐదు గడులూ నిండుతాయి. ఇది బలమైన కేసు.

అదే కేసులో ఫిర్యాదుదారు కోర్టులో మాట మార్చినందుకే విడుదలైతే, ఐదో గడిలో రాసుకోవడానికి ఏమీ ఉండదు. పైగా 2022 డిసెంబరులో నీరజ్ దత్తా కేసులో రాజ్యాంగ ధర్మాసనం, ఫిర్యాదుదారు హోస్టైల్ అయినా డిమాండును ఇతర సాక్ష్యంతో రుజువు చేయవచ్చని చెప్పింది. శాఖ తరఫు వకీలు దాన్ని తప్పక ఎత్తి చూపుతారు.

చార్జిమెమోలో కోర్టు చూడని అభియోగం ఏదైనా ఉందా అని కూడా చూడండి. "అనుమతి లేకుండా హెడ్‌క్వార్టర్స్ వదిలివెళ్లడం", "క్యాష్ డిక్లరేషన్ రాయకపోవడం" లాంటివి అక్కడక్కడా కలిపి ఉంటాయి. అది విడిగా రుజువైతే విడుదల దాన్ని తాకదు. అప్పుడు వాదన మార్చుకోవాలి: మిగిలిన ఆ చిన్న అభియోగానికి డిస్మిసల్ మరీ ఎక్కువ శిక్ష అని.

పట్టిక నిండితే మీకు అండగా ఉండే తీర్పులు: కోలార్ బంగారు గనుల సెక్యూరిటీ ఆఫీసరు విషయంలో వచ్చిన పాల్ ఆంథోనీ (1999), జీ.ఎం. ట్యాంక్ (2006), రామ్‌లాల్ (2023). తీర్పుల పేర్లు ఇరవై రాయడం వల్ల లాభం లేదు. ఈ మూడు, మీ పట్టిక చాలు.

5. విచారణలోనే లోపాలుంటే వాటిని విడిగా రాసుకోండి

విడుదల బలహీనంగా ఉన్నవాళ్లకు ఇదే అసలు దారి. చూడాల్సినవి: విచారణ నివేదిక కాపీ ఇవ్వకుండానే శిక్ష వేశారా? హైదరాబాద్ ఈసీఐఎల్ కేసులో (1993) రాజ్యాంగ ధర్మాసనం ఆ కాపీ ఇవ్వడం తప్పనిసరి అంది. ఇవ్వకపోవడం వల్ల మీకు జరిగిన నష్టమేమిటో కూడా మీరే చూపాలి. ఎఫ్‌ఐఆర్, పోలీసులకిచ్చిన వాంగ్మూలాలు పెట్టేసి, ఒక్క సాక్షినీ పిలవకుండా "రుజువైంది" అన్నారా? అవి వాటంతట అవే సాక్ష్యం కావని రూప్‌సింగ్ నేగీ కేసు (2009) చెబుతోంది. సస్పెన్షన్‌లో జీవనభృతి ఇవ్వక మీరు విచారణకు వెళ్లలేకపోయారా? పాల్ ఆంథోనీలో ఇది పెద్ద కారణం. విచారణాధికారి రుజువు కాలేదంటే పై అధికారి విభేదించి, మీకు నోటీసు ఇవ్వకుండానే తీసేశారా?

6. గడువులు: ఎక్కువమంది ఇక్కడే నష్టపోతారు

విచారణ జరిపి తీసేసినవాళ్లు క్రిమినల్ కేసు ముగిసేదాకా ఆగకూడదు. డిస్మిసల్ ఉత్తర్వు అందిన నాటి నుంచి రాష్ట్ర ఉద్యోగులు 3 నెలల్లో, కేంద్ర ఉద్యోగులు 45 రోజుల్లో శాఖాపరమైన అప్పీలు వేయాలి. అప్పటికి తీర్పు రాకపోయినా వేయండి, "క్రిమినల్ కేసు నడుస్తోంది, తీర్పు వచ్చాక దాన్ని కూడా సమర్పిస్తాను" అని ఒక పేరా కలపండి.

ఆ గడువు దాటిపోయిందా? అప్పుడు ఆలస్యం మన్నించమని వేరే పిటిషన్‌తో అప్పీలు, లేదా కొత్త ఆధారం వచ్చిందని రివిజన్, రివ్యూ కోరాలి. రాష్ట్ర రూల్స్‌లో ఇవి 40, 41. కేంద్రంలో 29, 29-ఎ. డిస్మిసల్ ఉత్తర్వు ప్రభుత్వమే ఇచ్చి ఉంటే అప్పీలు ఉండదు, రివ్యూనే దారి.

ఏడాదికో వినతిపత్రం ఇస్తూ పోతే గడువు పెరగదు. సి. జాకబ్ కేసులో (2008) సుప్రీంకోర్టు ఈ అలవాటును తప్పుపట్టింది. ఒకటే ఇవ్వండి, గట్టిగా ఇవ్వండి, జవాబు రాకపోతే కోర్టుకు వెళ్లండి.

7. వినతిపత్రం ఇలా రాయండి

మూడు పేజీలు మించకూడదు. నమూనా:

"విషయం: ఫలానా సి.సి. నంబరులో తేది ... నాటి తీర్పు ప్రకారం నిర్దోషిగా విడుదలైనందున, తేది ... నాటి డిస్మిసల్ ఉత్తర్వును రద్దుచేసి విధుల్లోకి తీసుకోవలసినదిగా కోరుట గురించి.
సూచిక: 1. చార్జిమెమో నంబరు, తేది. 2. డిస్మిసల్ ఉత్తర్వు నంబరు, తేది. 3. తీర్పు నంబరు, తేది.
పై విషయమై సమర్పించుకొనునది ఏమనగా..."

మొదటి పేరాలో ఉద్యోగ వివరాలు, రెండో పేరాలో రెండు ప్రక్రియలూ ఒకే సంఘటన మీద జరిగాయన్న మాట. తర్వాత పోలిక పట్టికను అలాగే అతికించండి. చివర కోరికలు నాలుగు విడిగా రాయండి: ఉత్తర్వు రద్దు, విధుల్లోకి తీసుకోవడం, మధ్యకాలాన్ని డ్యూటీగా లెక్కించడం, బకాయి జీతం. పై అధికారుల మీద ఆరోపణలు, కుటుంబ కష్టాల చిట్టా వద్దు. అవి నిజమే అయినా, ఈ కాగితాన్ని రేపు జడ్జి చదువుతారు.

ఇచ్చేటప్పుడు తపాల్ సెక్షన్‌లో మీ కాపీ మీద ముద్ర, ఇన్‌వార్డ్ నంబరు వేయించుకోండి. దానితో పాటు పోస్టులోనూ పంపండి. 2025 సెప్టెంబరు నుంచి రిజిస్టర్డ్ పోస్టు స్పీడ్ పోస్టులో కలిసిపోయింది కాబట్టి కౌంటరులో రిజిస్ట్రేషన్, డెలివరీ రుజువు రెండూ కావాలని అడగండి.

"ప్రభుత్వం హైకోర్టులో అప్పీలు వేయబోతోంది" అని ఆపుతుంటే: విడుదల మీద ప్రభుత్వ అప్పీలుకు సాధారణ గడువు 90 రోజులు, ఆలస్యాన్ని కోర్టు మన్నించవచ్చు. అప్పీలు వేశారో లేదో ఈ-కోర్ట్స్ వెబ్‌సైట్‌లో చూసుకోండి. వేసినా, తీర్పు అమలుపై స్టే లేకపోతే ఆ కారణం ఒక్కటే సరిపోదని రాతపూర్వకంగా జవాబివ్వండి.

8. ఏ కోర్టుకు వెళ్లాలి?

- *రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగులు:* పరిపాలనా ట్రిబ్యునల్ రెండు రాష్ట్రాల్లోనూ ఇప్పుడు లేదు. 226వ అధికరణం కింద నేరుగా అమరావతి లేదా హైదరాబాద్‌లోని హైకోర్టులో రిట్. ఏపీఎస్‌ఆర్టీసీ సిబ్బంది 2020 జనవరి 1 నుంచి ప్రభుత్వ ఉద్యోగులే.
- *కేంద్ర ఉద్యోగులు, రైల్వే, తపాలా:* హైదరాబాద్‌లోని క్యాట్ (కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్). ఫీజు 50 రూపాయలు. తుది ఉత్తర్వు వచ్చిన ఏడాదిలోగా వేయాలి. అప్పీలుకు 6 నెలలు జవాబు రాకపోతే, ఆ 6 నెలల తర్వాత ఏడాది.
- *ఫ్యాక్టరీ, ప్రైవేటు సంస్థల కార్మికులు:* 311వ అధికరణం వర్తించదు, లేబర్ వ్యవస్థ ద్వారానే వెళ్లాలి. 2025 నవంబరు 21 నుంచి పారిశ్రామిక సంబంధాల కోడ్ అమల్లోకి వచ్చింది. పాత పారిశ్రామిక వివాదాల చట్టంలోని 3 ఏళ్ల లెక్క నమ్ముకుని కూర్చోకండి, వెంటనే లేబర్ వకీలును కలవండి.

రిట్‌లో కోరికను జాగ్రత్తగా రాయించండి. "నా వినతిపత్రాన్ని పరిష్కరించమనండి" అని మాత్రమే అడిగితే "ఇన్ని వారాల్లో పరిష్కరించండి" అన్న ఉత్తర్వు వస్తుంది, శాఖ తిరస్కరిస్తుంది, మీరు మళ్లీ మొదటికొస్తారు. డిస్మిసల్ ఉత్తర్వును, అప్పీలు తిరస్కరణను నంబర్లు, తేదీలతో సహా రద్దు చేయమని అడగాలి. అప్పీలు ఉత్తర్వును వదిలేసి అసలు ఉత్తర్వునొక్కదాన్నే సవాలు చేయడం తరచూ జరిగే పొరపాటు.

అఫిడవిట్‌లో ఒక వాక్యం మరిచిపోవద్దు: డిస్మిస్ అయినప్పటి నుంచి వేరే ఉద్యోగం, తగిన ఆదాయం లేవని. దీపాలీ సుర్వసే కేసు (2013) ప్రకారం బకాయి జీతం కావాలంటే ముందు ఆ మాట మీరు చెప్పాలి. చిన్న వ్యాపారమో, కూలిపనో చేసి ఉంటే దాచకండి, ఉన్నదున్నట్టు రాయండి. అబద్ధం బయటపడితే మిగతా కేసు మీద కూడా నమ్మకం పోతుంది.

బకాయిల విషయంలో ఎక్కువ ఆశ పెట్టుకోవద్దు. శిక్ష పడి తీసేసి, అప్పీలులో బయటపడినవాళ్లకు ఆ మధ్యకాలం జీతం సాధారణంగా రాదు. జైపాల్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు అలాగే చెప్పింది. అయితే కేసు పెట్టింది శాఖే అయితే ఆలోచన వేరుగా ఉండవచ్చని కూడా అదే తీర్పు అంది. ఫిర్యాదు చేసింది మీ పై అధికారి అయితే ఆ సంగతి అఫిడవిట్‌లో తప్పక ఉండాలి.

9. గెలిచాక ఉత్తర్వును ఇలా సరిచూసుకోండి

కోర్టు ఉత్తర్వు కాపీని వెంటనే శాఖకు అందజేసి రసీదు తీసుకోండి. అమలు చేయకపోతే కోర్టు ధిక్కారం పిటిషన్‌కు ఏడాది గడువు. సింగిల్ జడ్జి దగ్గర ఓడిపోతే డివిజన్ బెంచికి రిట్ అప్పీలు 30 రోజుల్లో.

విధుల్లోకి తీసుకుంటూ ఉత్తర్వు వచ్చాక చూడాల్సినవి:
- "కొత్తగా నియమించడమైనది" అని ఉందా? ఉంటే వెంటనే అభ్యంతరం రాయండి, పాత సర్వీసు మొత్తం పోతుంది. "విధుల్లోకి తిరిగి తీసుకోవడమైనది" అని ఉండాలి.
- మధ్యకాలాన్ని ఎలా లెక్కించారు? కోర్టు రద్దు చేసినప్పుడు ఎఫ్‌ఆర్ (ఫండమెంటల్ రూల్స్) 54-ఎ, సస్పెన్షన్ కాలానికి 54-బి వర్తిస్తాయి. దాని గురించి ఒక్క మాటా లేకపోతే అడిగి రాయించుకోండి.
- ఇంక్రిమెంట్లు, ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్ స్కేళ్లు, సీనియారిటీ స్థానం సర్వీసు రిజిస్టరులో ఎక్కాయా? డీడీఓ (మీ జీతం బిల్లు పెట్టే అధికారి) సంతకంతో ఆ పేజీల నకలు తీసుకోండి.
- సాంకేతిక లోపంతో కోర్టు రద్దు చేసి, శాఖ మళ్లీ విచారణ మొదలుపెడితే, డిస్మిస్ చేసిన తేదీ నుంచి మీరు సస్పెన్షన్‌లో ఉన్నట్టే లెక్క. ఆ కాలానికంతా జీవనభృతి రావాలి. అది అడగకుండా విచారణకు కూర్చోకండి.

ఈలోపు పదవీ విరమణ వయసు దాటిపోతే, అది ఆంధ్రప్రదేశ్‌లో 62, తెలంగాణలో 61, విధుల్లోకి తీసుకోవడం కుదరదు. అప్పుడు కోరికను మార్చుకుని, విరమణ తేదీ వరకు సర్వీసులో ఉన్నట్టు లెక్కించి పెన్షన్, గ్రాట్యుటీ, లీవు ఎన్‌క్యాష్‌మెంట్ ఇవ్వమని అడగండి. కేసు నడుస్తుండగానే ఆ వయసు వస్తుందనుకుంటే ఈ కోరికను మొదటి అఫిడవిట్‌లోనే ప్రత్యామ్నాయంగా చేర్పించండి.